సగము వెలకు వచ్చిన బూట్లు

దసరా సెలవులు నాలుగు దినములలో రానున్నవనగా తెనాలి వంటి పట్టణమున జోళ్ళ దుకాణముల ముఖము మారిపోవును. గాజు అలమరలకు ఎర్రని కాగితములు అంటుకొనును. వానిపై జానెడు పొడవు అంకెలతో 50 శాతము తగ్గింపు అను మాట వెలయును. అట్టి దుకాణమునకు ఒక లెక్కల ఉపాధ్యాయుడు తన కుమారుని వెంటబెట్టుకొని పోయినట్లు ఊహించుట కష్టము కాదు. కుర్రవానికి ఉత్తరదేశమున కళాశాలలో సీటు వచ్చినది; అచ్చటి చలికి తోలు బూట్లు కావలెను. పెట్టెపై రూ. 4,998 అని ముద్రించియున్నది. దానిమీద అడ్డముగా ఒక గీత, ప్రక్కన రూ. 2,499. ఉపాధ్యాయుడు క్షణమైన ఆలోచింపక సొమ్ము చెల్లించి, ఇంటికి వచ్చి, భార్యతో “రెండున్నర వేలు మిగిల్చాను” అని చెప్పును.

మిగిలిన ఆ రెండున్నర వేలు ఇంటిలో ఏ పెట్టెలోను కానరావు. జేబులోనుండి పోయినవి 2,499 రూపాయలు. ఇంటికి వచ్చినది ఒక జత బూట్లు. మిగిలినదని చెప్పబడుచున్న సొమ్ము ఎన్నడును ఎవరి జేబులోను ఉన్నది కాదు. తరగతిలో ఒక విద్యార్థి ఇట్టి లెక్క చేసికొని వచ్చినచో ఆ ఉపాధ్యాయుడే ఎర్రసిరాతో దానిని కొట్టివేసి యుండును. కాని బజారున అడుగుపెట్టగానే గణితశాస్త్రజ్ఞుడు సయితము పండుగనాటి పిల్లవాడగుట లోకసహజము.

ఈ భ్రమకు మూలము పెట్టెపై ముద్రించిన ఆ మొదటి అంకె. దానిని గరిష్ఠ చిల్లర ధర అందురు. జనుల నోట అది ఎమ్మార్పీ. ప్రభుత్వముద్ర వంటి గౌరవము దానికి ఎట్లో సంక్రమించినది. సర్కారువారు లెక్కలు వేసి, ఇది న్యాయమైన ధర అని నిర్ణయించి ముద్రింపించినట్లు చదువుకొన్నవారు సయితము భావించుచున్నారు. ఇది పొరపాటు. కొన్ని మందుల విషయమున ప్రభుత్వము ధరకు కట్టుబాటు విధించుట నిజమే. బూట్ల విషయమున అట్టిది లేదు. 2009 నాటి లీగల్ మెట్రాలజీ చట్టమును, దాని ననుసరించి వచ్చిన 2011 నాటి పొట్లపు సరకుల నిబంధనలును చెప్పునది ఇంతే: సరకు తయారుచేసినవాడు, లేక దిగుమతి చేసికొనినవాడు, అన్ని పన్నులతో కూడిన గరిష్ఠ ధరను పెట్టెపై ప్రకటింపవలెను, దానికి మించి ఎవ్వరును పుచ్చుకొనరాదు. ఆ అంకె ఎంత ఉండవలెనో నిర్ణయించుకొనువాడు తయారీదారుడే. అది ఇంటి పైకప్పు వంటిది. ఎంత ఎత్తుగా కట్టుకొనినను కట్టుకొనవచ్చును. పైకప్పు ఎత్తు చూచి ఆ ఇంటిలోని మనిషి పొడవు చెప్పుట ఎట్టిదో, ఎమ్మార్పీని చూచి బూటు విలువ చెప్పుట అట్టిదే.

కనుక రూ. 4,998 అను ధరకు ఆ బూట్లు ఏనాడైన అమ్ముడుపోయినవా అనునది అడుగవలసిన మొదటి ప్రశ్న. వర్తకులలో తెలిసినవారి మాట వేరు. కొన్ని రకములు ఆరంభమునుండియు 2,499కే అమ్మవలెనను ఉద్దేశముతో తయారగును. తోలు నాణ్యము, అడుగు దళసరి, కుట్టుపని అన్నియు ఆ అంకెకు సరిపోవునట్లే ఎన్నుకొనబడును. పై అంకె కొట్టివేయుటకే పుట్టినది. అమ్మువాడు దీనిని మోసమని ఒప్పుకొనడు. అనుకొనినది కొనువాడే కదా, చెప్పినది తాను కాదు కదా అనును.

ఐరోపా సమాఖ్యవారు ఈ విషయమున ఒక అడుగు ముందుకు వేసిరి. 2019లో వారు చేసిన ఒక శాసనము 2022 మే 28వ తేదీనుండి అమలులోనికి వచ్చినది. తగ్గింపు ప్రకటించు వర్తకుడు తగ్గింపునకు ముందటి ధరను కూడ చూపవలెను. ఆ ముందటి ధర అనగా గడచిన 30 దినములలో తాను అమ్మిన అత్యల్ప ధర. పండుగకు పదిదినముల ముందు ధర పెంచి, పండుగనాడు తగ్గించు చమత్కారమునకు ఆ శాసనము తలుపు మూసినది. అయినను ఒక సందు మిగిలినది. ముందటి ధరను చిన్న అక్షరములలో చూపి, శాతమును మాత్రము మరియొక పెద్ద అంకెపై లెక్కించి ప్రకటించు వర్తకులు బయలుదేరిరి. 2024 సెప్టెంబరు 26వ తేదీన ఐరోపా న్యాయస్థానము ఆ సందును కూడ మూసివేసెను. శాతమును సయితము ఆ 30 దినముల అత్యల్ప ధరపైననే లెక్కింపవలెనని తీర్పు చెప్పెను. ఆ వ్యాజ్యము నడచినది అరటిపండ్లు, అనాసపండ్ల ధరల మీద! న్యాయము పండ్లకు దొరికినచో బూట్లకు దొరకకపోదు. ముందటి ధరను తేదీతో సహా చూపవలెనను నియమము భారతదేశమునకు కూడ ఎంతయు అవసరము. గరిష్ఠము ప్రకటించిన చాలునను నియమము పూర్వము అధిక ధరలనుండి కొనువానిని కాపాడుటకు పుట్టినది. నేడు అదియే అధికమైన తగ్గింపులకు ఆధారమైనది.

శాతముల విషయమున పిల్లలకు చెప్పవలసినది కొంచెమే. 50 శాతముపై మరి 20 శాతము అని ప్రకటించినచో అది 70 కాదు, 60. ఐదువేలు మొదట రెండున్నర వేలగును. ఆ రెండున్నర వేలలో ఇరువది శాతము అయిదువందలు. చేతికి పడునది రెండువేల వెల. 70 శాతము “వరకు” అను ప్రకటనలో ఆ చివరి మాట ఎప్పుడును చీమతలకాయంత ఉండును. ఈ ఎర్రకాగితములను కత్తిరించి బడికి తెచ్చి, ఎనిమిదవ తరగతివారిచేత లెక్క కట్టించినచో పాఠ్యపుస్తకములోని ఊహాజనిత వర్తకులకంటె వారు త్వరగా నేర్చుకొందురు.

ఐతే తగ్గింపు లన్నియు బూటకములే అనుట మరియొక భ్రమ. బూట్ల వ్యాపారములో సరకు పాతబడును. ఒక రకములో ఏడు, ఎనిమిది, తొమ్మిది నంబర్లు అమ్ముడుపోయి, అయిదును పదకొండును మాత్రము మిగులును. అవి అలమరలో చోటు ఆక్రమించును. వానిలో ఇరుక్కొనిన పెట్టుబడికి వడ్డీ పెరుగును. వానిని వదిలించుకొనుటకు వర్తకుడు నిజముగనే నష్టమునకు అమ్మును. అయిదవ నంబరు పాదము గల అదృష్టవంతుడు నిజముగనే లాభపడును. ఇచ్చట కూడ ఒక జాగ్రత్త ఉన్నది. నేటి బూట్లలో అనేకములకు అడుగులు పాలీయురెథేన్ అను పదార్థముతో పోయబడుచున్నవి. తేలికగా, మెత్తగా ఉండును. గాలిలోని తేమ తగిలి ఆ పదార్థము లోలోపల చివికిపోవును. తొడుగకుండ పెట్టెలో దాచినను చివికిపోవును. కొన్ని సంవత్సరములు నిలువయున్న బూటు చూచుటకు కొత్తదే, నాలుగు దినములు తొడిగిన పిమ్మట అడుగు పొడి యగును. పెట్టెపై ధరకు ప్రక్కన తయారైన నెల, సంవత్సరము ముద్రింపవలెనని ఆ నిబంధనలే చెప్పుచున్నవి. గీత కొట్టిన అంకెను చూచు కన్ను ఆ తేదీని కూడ చూచినచో కొంత మేలు.

బూట్ల ధర నిజముగా సగమైన సందర్భములు చరిత్రలో లేకపోలేదు. వానిలో ప్రసిద్ధమైన దొకటి 1922లో జరిగినది. తెలుగునాట బాటా అనినచో జోడు అనియే అర్థము చేసికొనినవారు కలరు; అది స్వదేశపు పేరనుకొనువారును కలరు. ఆ సంస్థ పుట్టినది నేటి చెక్ దేశములోని జ్లీన్ అను చిన్న పట్టణమున, 1894లో. తోమాష్ బాట్యా అను యువకుడు తన అన్నతోను, అక్కతోను కలిసి దానిని స్థాపించెను. తొలి ప్రపంచయుద్ధకాలమున సైనికుల బూట్లు చేసి అది పెరిగినది. యుద్ధానంతరము చెకోస్లొవాకియా నాణెము విలువ హఠాత్తుగా పెరుగుటచే విదేశములలో సరకు అమ్ముడుపోలేదు. స్వదేశమున కొనుటకు జనుల చేత డబ్బు లేదు. గిడ్డంగులు నిండిపోయినవి. ఇతరులు పనివారిని తొలగించుచుండగా, బాట్యా 1922 సెప్టెంబరు 1వ తేదీనుండి తన బూట్ల ధరలు సగమునకు తగ్గించుచున్నట్లు ప్రకటించెను. పిడికిలి యొకటి అధికధరలను నలగగొట్టుచున్నట్లు గోడలపై చిత్రములు అంటించిరి. తోడి వర్తకులు నవ్విరి. జనులు మాత్రము దుకాణములముందు బారులు తీరిరి.

ఆ సగము ఎచ్చటనుండి వచ్చినది? ఈ ప్రశ్నకు సమాధానము స్పష్టముగా దొరకుట ఆ ఘట్టములోని విశేషము. పనివారి వేతనములు 40 శాతము తగ్గినవి. వారు అంగీకరించిరి, దానికి ప్రతిగా వారికి తిండి, బట్ట, ఇంటి సరకులు సగము ధరకు సంస్థయే అందించెను. యజమాని గిడ్డంగిలోని సరకుపై నష్టమును భరించెను. తరువాతి సంవత్సరములలో యంత్రములతో, పని ఏర్పాటులోని మార్పులతో ఖర్చు తగ్గి సంస్థ కోలుకొని ప్రపంచమంతట వ్యాపించినది. బాట్యాను మహాదాతగా కీర్తింపవలసిన పనిలేదు, దోపిడీదారుగా తిట్టవలసిన పనియు లేదు. గమనింపవలసిన దొక్కటే. వెల నిజముగా సగమైనప్పుడు ఆ రెండవ సగమును ఎవరో ఒకరు మోసిరి. ఎవరు మోసిరో చెప్పుటకు వీలయినది.

యంత్రము మోసిన సందర్భమును కలదు. అమెరికాలోని లిన్ పట్టణము ఒకప్పుడు జోళ్ళ పరిశ్రమకు పెట్టినది పేరు. పై తోలును కాలి ఆకారముగల కొయ్య అచ్చుపై లాగి, ముడుతలు పడకుండ బిగించి, అడుగునకు కలుపు పని ఎంతకాలమునకును యంత్రమునకు లొంగలేదు. నేర్పుగల పనివాడు దినమునకు ఏబది జతలు చేయుట గొప్ప. డచ్చివారి గయానాలో పుట్టిన యాన్ ఎర్న్స్ట్ మాట్సెలిగర్ అను నల్లజాతి యువకుడు పగలు కర్మాగారమున పనిచేయుచు, రాత్రులు తన గదిలో నమూనాలు చేసికొని, 1883లో ఆ పనికి యంత్రమును కనిపెట్టి హక్కుపత్రము పొందెను. అది దినమునకు ఏడువందల జతలవరకు చేయగలిగినది. సామాన్యునికి బూట్లు అందుబాటులోనికి వచ్చినవి. ఆ యంత్రమును సృష్టించినవాడు 1889లో, ముప్పదియేడు నిండకుండగనే క్షయరోగముతో మరణించెను.

తెనాలి దుకాణములోని బూటు ధర తగ్గినది యజమాని నష్టముచేతనా, యంత్రము చేతనా, లేక మరి యెవరిచేతనైననా అని చీటీ చెప్పదు. అది తెలియవలెనన్నచో తోలు ఎచ్చటనుండి వచ్చినదో విచారింపవలెను. ఇచ్చట భ్రమలు మరింత దట్టము. ఇటలీ తోలు అనగానే కొనువాని కన్నులు మెరయును. ఇటలీలో ఆర్నో నదీతీరపు సాంతా క్రోచే, ఉత్తరమున ఆర్జిన్యానో వంటి చోట్ల తోలుపని మహానైపుణ్యముతో జరుగుట వాస్తవము. కాని ఆ తోలు ఇటలీ పశువుదే కానక్కరలేదు. పచ్చితోలు ఒక దేశమున ఉప్పు వేయబడును. మరియొక దేశమున క్రోమియము లవణములలో నాని నీలివన్నెకు తిరుగును. ఆ తడిసిన నీలి తోలునే వ్యాపారులు వెట్ బ్లూ అందురు. అది ఓడలెక్కి పోయి మరియొకచోట రంగును మెరుపును పొందును. బూటు పైభాగము తమిళనాడులోని ఆంబూరు పరిసరములలో కుట్టబడి, ఐరోపాకు పోయి, అచ్చట అడుగు అతికించుకొని, అచ్చటి పేరుతో అలమరలో నిలుచుటయు కలదు. తుదిపని జరిగిన చోటి పేరే సాధారణముగా బూటుకు ఇంటిపేరగును. పుట్టినిల్లు మరుగున పడును.

అసలైన తోలు అను ముద్ర మరియొక మాయ. అది తోలే, ప్లాస్టిక్కు కాదు అని చెప్పుటకు మించి ఆ ముద్రకు అర్థము లేదు. ఒక దళసరి చర్మమును పొరలుగా చీల్చినప్పుడు వెంట్రుకలుండు పై పొర గట్టిది, నునుపైనది. అడుగు పొర పీచుగా, బలహీనముగా ఉండును. దానిపై రంగు పూత దట్టముగా పూసి, పై పొరవలె గీతలు ముద్రవేయుదురు. రెండును తోలే. రెంటికిని అదే ముద్ర. ఐరోపాలో 1994 నాటి ఒక శాసనము ననుసరించి బూటు పైభాగమునకు, అస్తరునకు, అడుగునకు వేర్వేరుగా ఏ పదార్థము వాడిరో బొమ్మలతో చూపవలెను. పరచిన చర్మము ఆకారము బొమ్మ ఉన్నచో తోలు; పూత మితిమీరినచో దానికి వేరొక బొమ్మ. కాని పైభాగపు వైశాల్యములో 80 శాతము తోలైన చాలును, ఆ బొమ్మ వేయవచ్చును. ఆ తోలు ఏ దేశపుదో, ఎచ్చట పదును చేయబడినదో చెప్పవలెనను నియమము ఆ శాసనములోను లేదు.

తోలు ప్రియమగుటకు బూట్ల గిరాకియే కారణమనుకొనుటయు అంత సరికాదు. పశువును సాధారణముగా పెంచునది మాంసమునకో, పాలకో, సేద్యమునకో. చర్మము దాని వెనుక వచ్చునది. బూట్లకు గిరాకి పెరిగినంత మాత్రమున గేదెలు పెరుగవు.

తోలు పదును విషయమున తెలుగువారికి సొంత కథ యున్నది. బతుకమ్మలో పేర్చు పసుపుపచ్చని పూవు, నేడు తెలంగాణకు రాష్ట్రపుష్పము, తంగేడు. దాని పూవు ఎరుగనివారు లేరు. దాని పట్ట చేసిన పని ఎరిగినవారు నేడు తక్కువ. ఆ పట్టలోని వగరు చర్మమునకు పట్టి దానిని కుళ్ళనీయదు. తంగేడు పట్టతోను, కరక్కాయతోను పదునైన దక్షిణదేశపు తోళ్ళు పందొమ్మిదవ శతాబ్దిలో మద్రాసు రేవునుండి ఇంగ్లండునకు ఓడలకొలది పోయెను. ఆ పద్ధతికి వారములు పట్టును. క్రోమియము పద్ధతిలో అదే పని దినములలో ముగియును; తోలు మెత్తగా, నీటికి వేడికి తట్టుకొనునట్లు వచ్చును. ఆ పద్ధతి ఇరువదవ శతాబ్ది ఆరంభమున మద్రాసునకు వచ్చినది. 1970 తరువాత పచ్చితోళ్ళను, సగము పదునైన తోళ్ళను ఎగుమతి చేయుట తగ్గించి, పూర్తిగా తయారైన తోలును, బూట్లను ఎగుమతి చేయవలెనను విధానము దేశమున బలపడినది. దేశమునకు ఆదాయము పెరిగినది, వేలమందికి పని దొరకినది. పాలారు నదికి మాత్రము ముప్పు వచ్చినది.

పాలారు కర్ణాటకములో పుట్టి, చిత్తూరు జిల్లా కుప్పము ప్రాంతముగుండా ప్రవహించి, తమిళనాడున ప్రవేశించును. అచ్చట వాణియంబాడి, ఆంబూరు, రాణిపేటలలో తోళ్ళ కర్మాగారములు బారులు తీరినవి. పచ్చితోలు కుళ్ళకుండ చల్లిన ఉప్పంతయు కడిగిన నీటిలో కలియును. సున్నము, క్రోమియము, రంగులు తరువాత కలియును. ఆ ఊళ్ళవారు వేసిన వ్యాజ్యముపై సుప్రీముకోర్టు 1996 ఆగస్టు 28వ తేదీన తీర్పు చెప్పెను. ఆ తీర్పులో పేర్కొనిన అంకెలు పండుగ చీటీలపై ఎన్నడును కానరానివి. ఒక కిలో తోలు తయారుచేయుటకు సుమారు 35 లీటర్ల నీరు. క్రోమియము పదునులో దాదాపు 170 రకముల రసాయనములు. ఆ ప్రాంతమున ఇంచుమించు 35,000 హెక్టార్ల సాగునేల పూర్తిగానో కొంతయో పంటకు పనికిరాకుండ పోవుట. కలుషితము చేసినవాడే దాని వెల చెల్లింపవలెనను సూత్రము ఈ దేశపు చట్టములో భాగమని ఆ తీర్పే స్థిరపరచినది. 2025 జనవరి 30వ తేదీన అదే న్యాయస్థానము మరల ఆ నదిని గూర్చియే, ఆ బాధితుల పరిహారమును గూర్చియే తీర్పు చెప్పవలసి వచ్చినది. ఇరువదియెనిమిది సంవత్సరముల అంతరము! ఈ నడుమ ఎన్ని దసరాలు, ఎన్ని తగ్గింపులు గడచిపోయినవో.

ఆ పరిసర గ్రామములలో ఇంటి అరుగులపై కూర్చుండి బూటు పైభాగములను సూదితో కుట్టు స్త్రీలు కలరు. వారికి జతకు ఇంత అని కూలి. కర్మాగారపు లెక్కలలో వారి పేరు ఉండదు. చూపు మందగించినను, వ్రేళ్ళు గాయపడినను ఖర్చు వారిదే. రూ. 4,998 కొట్టివేసి రూ. 2,499 వ్రాసినప్పుడు ఆ జతకూలిలో మార్పేమియు జరుగలేదు. దుకాణపు కలముతో గీసిన గీత వారివరకు పోదు. అంతకు ముందెన్నడో, బూటు ఇంత వెలలోనే రావలెనని పెద్ద కొనుగోలుదారు పట్టుబట్టిన దినముననే వారి సంగతి తేలిపోయినది. ఇది చౌక బూట్లకే చెందిన మాట కాదు. ఇరువదివేల రూపాయల విదేశపు బూటును ఇట్టి అరుగుమీదనే కుట్టియుండవచ్చును. ప్రియమైన వస్తువు నిర్దోషమైనదని నమ్ముట ధనవంతుల భ్రమ. సగమైన వస్తువు లాభమని నమ్ముట మధ్యతరగతివారి భ్రమ. రెండును ఒక చీటీనుండియే పుట్టినవి.

తెనాలికి సమీపముననే యలవర్రు అను గ్రామము కలదు. 1922లో, అనగా జ్లీన్‌లో బూట్ల ధర సగమైన సంవత్సరముననే, అచ్చట వ్యవసాయ కుటుంబమున యలవర్తి నాయుడమ్మ జన్మించెను. చదువుకొన్నవారు తోలుపేరు ఎత్తుటకే ముక్కు మూసికొను కాలమున ఆయన తోలును శాస్త్రముగా చదివెను. మద్రాసులోని కేంద్ర చర్మ పరిశోధనాలయమునకు 1958లో అధిపతియై, పరిశోధకుని ప్రయోగశాలలోనుండి వెలికి తెచ్చి పదును తొట్లవద్ద నిలబెట్టెను. 1985 జూన్ 23వ తేదీన కనిష్క విమాన దుర్ఘటనలో ఆయన మరణించెను. ఆయన వెళ్ళిన త్రోవ విద్యార్థులకు తెలియవలసినది. ఆ పనిని తరతరములుగా చేసినవారి త్రోవ అంతకంటె ముందు తెలియవలసినది. ఊరి పాదములన్నిటికి జోళ్ళు కుట్టినవారిని ఊరు వెలుపల నిలిపినది. జాషువా 1941లో వెలువరించిన గబ్బిలమునకు చెప్పులు కుట్టి జీవించు నిరుపేదయే నాయకుడు. ఆ కావ్యమును పాఠముగా చెప్పు తరగతిలో ఛందస్సును గూర్చి ఎంతయో చర్చింతురు. పిల్లల కాలిజోళ్ళు ఎవరు కుట్టిరో అడుగువారు తక్కువ.

ఇన్ని విచారములు పెట్టుకొనినచో బూట్లు కొనుటెట్లు అని ఉపాధ్యాయుడు అడుగవచ్చును. అడుగుట న్యాయమే. ఆయన జీతమునకు పదివేల బూట్లు అందవు. టెరీ ప్రాచెట్ అను ఆంగ్ల రచయిత 1993లో ప్రకటించిన ఒక నవలలో ఒక పోలీసు అధికారి దీనిని గూర్చియే తర్కించును. ధనవంతుడు ఏబది డాలర్ల బూట్లు కొని పదేండ్లు తొడుగును. పేదవాడు పది డాలర్ల బూట్లు ఏటేట కొని, పదేండ్లలో రెట్టింపు ఖర్చుపెట్టియు, తడిసిన కాళ్ళతోనే ఉండును. నవ్వించుటకు వ్రాసిన మాటలో నిజము గుచ్చుకొనును. కుట్టి చేసిన బూటునకు అడుగు అరిగినచో విప్పి మరియొక అడుగు కుట్టవచ్చును. జిగురుతో అంటించినదానికి ఆ భాగ్యము చాల తక్కువ. కనుక కొనునప్పుడు ఎంత తగ్గినదని కాక, ఎన్ని ఏండ్లు వచ్చునని అడిగి, వెలను ఆ ఏండ్లతో భాగించినచో లెక్కల ఉపాధ్యాయునకు తగిన లెక్క యగును. అడ్డెడు వడ్లు ఆశకు పోతే తూమెడు వడ్లు దూడ తినిపోయిందని పల్లెవారు ఈ భాగాహారమునే చెప్పిరి.

సంక్రాంతికి కుర్రవాడు ఇంటికి వచ్చును. కుడికాలి బూటు ముందరిభాగము నోరు తెరచియుండును. తండ్రి దానిని కాగితమున చుట్టి బస్సుల స్టాండు ప్రక్క చెట్టుక్రింద కూర్చుండు ముసలివానియొద్దకు కుమారునితో కూడ పోవును. ఆతడు బూటును వెనుకకు త్రిప్పి, అడుగు అంచు వెంట బొటనవ్రేలు నడిపించును.

“ఇది కుట్టు కాదు మాస్టారూ. కుట్టులాగా అచ్చు పోశారు. ఊరికే అంటించిందండి.”

“మళ్ళీ అంటిస్తే ఎన్నాళ్ళు వస్తుంది?”

“ఈ చలికాలం ఎల్లుద్దండి. వానలో తొడగమాకండి.”

కుర్రవాడు ముందుకు వంగి, “తాతా, ఇది ఎక్కడి తోలు?” అని అడుగును.

ముసలివాడు చిరిగిన అంచును రెండు వ్రేళ్ళతో విప్పి లోపలి పీచును చూచును. “గేదె తోలేలే బాబూ. అడుగు పొర. పైన రంగు పూశారు. ఎక్కడిదో మటుకు తెలవదు. పెట్టె మీద ఏమన్నా రాశారా?”

పెట్టె ఇంటివద్ద అటకమీద ఉన్నది. దానిమీద రెండు ధరలు మాత్రమే ఉన్నవి.